అర్థంకాని కోడ్ పేరుతో ఫైల్ దిగింది, నొక్కొచ్చా?

ప్రశ్న: తెలిసినతను ఒక లింక్ పంపాడు. నొక్కితే "వీఎక్స్9-1718271905-1080పి.జిప్" అనే ఫైల్ దిగింది. సైజు 4 ఎంబీ. అది 48 నిమిషాల వీడియో అని, బయట ఎక్కడా దొరకదని, ఎవరికీ తెలియకూడదనే పేరు అలా కోడ్‌లో పెట్టారని అన్నాడు. ఆ పేరు కాపీ చేసి వెతికితే ఐదారు సైట్లు తమ దగ్గరా ఆ ఫైల్ ఉందని చూపించాయి. జిప్ పాస్‌వర్డ్ అడిగింది, అది లింక్ కిందే రాసి ఉంది. తెరిస్తే లోపల వీడియో బొమ్మతో ఒక ఫైల్, పక్కన ఒక టెక్స్ట్ ఫైల్ కనిపించాయి. వీడియో ఇంకా నొక్కలేదు. యాంటీవైరస్ కిక్కురుమనలేదు. ఈ పేరుకి అర్థమేంటి? తెరిచి చూడొచ్చా?

జవాబు: నొక్కకండి. ఈ ఒక్క మాట ముందే చెప్పేస్తే మిగతాది నిదానంగా మాట్లాడుకోవచ్చు. ఇప్పటిదాకా మీరు చేసినదానికి కంగారు పడక్కర్లేదు. జిప్ దించుకోవడం, లోపల ఏమేం ఉన్నాయో పేర్లు చూడడం ఒక ఎత్తు, లోపలి ఫైల్‌ని నడిపించడం ఇంకో ఎత్తు. మీరు మొదటి దగ్గరే ఆగారు.

పేరు సంగతికి వెళ్లేముందు చిన్న లెక్క వేద్దాం. 1080పి వీడియో సెకనుకు 5 మెగాబిట్ల చొప్పున ఉందనుకోండి, అది మామూలు లెక్కే. నిమిషానికి 300 మెగాబిట్లు, అంటే 37.5 ఎంబీ. 48 నిమిషాలకు 1,800 ఎంబీ. మీ దగ్గరున్న 4 ఎంబీలో పట్టేది ఆరు సెకన్ల వీడియో. "జిప్ చేశారు కాబట్టి తగ్గిందేమో" అనిపించొచ్చు. వీడియో అప్పటికే బాగా కుదించి ఉంటుంది, జిప్ దాన్ని ఇంకా పిండలేదు. కాబట్టి లోపలున్నది ఏదైనా కావచ్చు గానీ మీకు చెప్పిన వీడియో మాత్రం కాదు.

దీనికి తిరగేసిన మోసం కూడా ఉంది. జిప్‌ని సెవెన్-జిప్ అనే, జిప్‌లు విప్పే సాఫ్ట్‌వేర్‌లో తెరిస్తే "సైజ్", "ప్యాక్డ్ సైజ్" అని రెండు కాలమ్‌లు కనిపిస్తాయి. ప్యాక్డ్ సైజ్ 4 ఎంబీ ఉండి అసలు సైజ్ 700 ఎంబీ చూపిస్తుంటే, అది చిన్న ప్రోగ్రామ్ వెనక సున్నాలు నింపి ఉబ్బించిన ఫైల్ అయ్యే అవకాశమే ఎక్కువ. సున్నాలు జిప్‌లో దాదాపు ఏమీ లేనంతగా కుదించుకుపోతాయి. చాలా స్కానర్లు మరీ పెద్ద ఫైళ్లను చూడకుండా వదిలేస్తాయి, ఉబ్బించేది అందుకే.

ఇక పేరు. ఇలాంటి పేర్లు చాలావరకు మనిషి పెట్టినవే కావు, యంత్రం పెట్టినవి. అక్షరాలు లెక్కపెడితే సగం గుట్టు విప్పొచ్చు. సున్నా నుంచి తొమ్మిది వరకు అంకెలు, ఏ నుంచి ఎఫ్ వరకు ఇంగ్లిష్ అక్షరాలు మాత్రమే ఉండి మొత్తం 32 ఉంటే అది ఎండీ5 హ్యాష్ కావచ్చు. హ్యాష్ అంటే ఫైల్ లోపలి సరుకు నుంచి లెక్కగట్టిన వేలిముద్ర లాంటి కోడ్. 40 ఉంటే ఎస్‌హెచ్‌ఏ-1, 64 ఉంటే ఎస్‌హెచ్‌ఏ-256. మధ్యలో అడ్డగీతలతో 8-4-4-4-12గా విడిపోయి మొత్తం 36 ఉంటే యూయూఐడీ. అంటే ఒకే పేరు రెండు ఫైళ్లకు పడకుండా సర్వర్ అప్పటికప్పుడు పుట్టించిన సంఖ్య. దాని మూడో ముక్క 4తో మొదలైతే పూర్తిగా యాదృచ్ఛికంగా తీసినదని అర్థం, అందులో వెతకడానికి రహస్యమే ఉండదు. డీఎస్‌సీ అని మొదలైతే కెమెరా పెట్టిన పేరు, అది డిజిటల్ స్టిల్ కెమెరాకి పొట్టి రూపం. తేదీ తర్వాత డబ్ల్యూఏ అని ఉండి నాలుగు అంకెలు వస్తే వాట్సాప్ సేవ్ చేసిన ఫైల్.

మీ ఫైల్ పేరు మధ్యలో 1718271905 అని పది అంకెలున్నాయి కదా, 17తో మొదలయ్యాయి. ఈ రోజుల్లో పది అంకెలు 17తో మొదలైతే నా చేయి మొదట యూనిక్స్ టైమ్ మీదకే పోతుంది. 1970 జనవరి 1 అర్ధరాత్రి నుంచి గడిచిన సెకన్ల లెక్క అది. 1718271905ని తేదీగా మారిస్తే 2024 జూన్ 13, యూటీసీ (ప్రపంచ ప్రామాణిక సమయం) 09:45:05. పదమూడు అంకెలుంటే అవి మిల్లీసెకన్లు, చివరి మూడూ తీసేసి చూడాలి. అంటే మీరు రహస్య సంకేతం అనుకున్నది ఏదో సర్వర్ "ఈ ఫైల్ ఫలానా సెకనులో వచ్చింది" అని కొట్టిన ముద్ర లాంటిది. 1080పి వీడియో నాణ్యత. మిగిలిన "వీఎక్స్9"కి అర్థం ఉండొచ్చు, ఉండకపోవచ్చు. అది తెలిసినా మీ నిర్ణయం మారదు. ఎందుకంటే ఈ ముక్కలన్నీ ఎవరైనా కీబోర్డు మీద టైప్ చేయగలిగినవే. నిజమైన టైమ్‌స్టాంప్ ఉన్నంత మాత్రాన లోపలిది నిజమైపోదు.

ఒక్క హ్యాష్ పేర్ల విషయంలోనే పేరు నిజం చెబుతోందో లేదో తేల్చుకోగలం. 64 అక్షరాల పేరున్న ఫైల్‌కి మీరే ఎస్‌హెచ్‌ఏ-256 తీసి రెండూ పోల్చి చూడొచ్చు. సరిపోతే పేరు లోపలి సరుకు నుంచే పుట్టిందని తేలుతుంది. అయితే సరిపోయింది కదా అని సంబరపడకండి. వైరస్‌లను పరిశోధించేవాళ్లు నమూనాలు ఇచ్చిపుచ్చుకునేటప్పుడు ఫైల్‌కి దాని ఎస్‌హెచ్‌ఏ-256నే పేరుగా పెడతారు, జిప్‌కి "ఇన్ఫెక్టెడ్" అనే పాస్‌వర్డ్ పెడతారు. పొరపాటున ఎవరూ తెరవకూడదని వాళ్లలో వాళ్లు పెట్టుకున్న ఆనవాయితీ అది. 64 అక్షరాల పేరు, ఇన్ఫెక్టెడ్ అనే పాస్‌వర్డ్ రెండూ ఒకచోట కనబడితే చేయి వెనక్కి తీసుకోండి.

ఐదారు సైట్లలో ఉంది కాబట్టి నిజమే అనుకున్నారు చూడండి, చాలామంది పడిపోయేది సరిగ్గా అక్కడే. జనం వెతుకుతున్న వింత పేర్లను పోగేసి, ఒక్కో పేరుకి ఒక్కో పేజీ తయారుచేసే సైట్లు కుప్పలు తెప్పలు. పేజీ శీర్షికలో మీరు వెతికిన పేరే ఉంటుంది, కింద ఒక సైజు, ఒక తేదీ, పచ్చటి డౌన్‌లోడ్ బటన్. అక్కడ ఫైలే ఉండదు, శీర్షికలో పేరు అతికించిన మూస మాత్రం ఉంటుంది. పరీక్షించాలంటే పేరులో రెండు అంకెలు మార్చి వెతకండి. కొన్ని సైట్లు ఆ లేని పేరుకి కూడా "దొరికింది" అంటాయి. మామూలు మాటలతో వెతికితే మంచి సైట్ల పోటీలో వీళ్లు ఎక్కడో అడుగున ఉంటారు. ఎవరూ వాడని కోడ్ పేరుకి పోటీయే లేదు, మొదటి పేజీ అంతా వాళ్లదే. వింత పేరు మోసగాడికి ఎందుకు ముద్దో ఇప్పుడు తెలిసింది కదా.

ఈ మధ్య ఇలాంటి పేజీల్లో ఇంకో తంతు. "మీరు రోబో కాదని నిరూపించుకోండి" అని చెప్పి విండోస్ కీ, ఆర్ కలిపి నొక్కమంటారు, తర్వాత కంట్రోల్-వీ, ఎంటర్. మీకు తెలియకుండా క్లిప్‌బోర్డులో పెట్టిన ఆదేశాన్ని మీ చేతులతోనే నడిపించే పద్ధతి అది. ఏ నిజమైన తనిఖీ అలా అడగదు.

పాస్‌వర్డ్ పక్కనే రాసి ఉందన్నారు. అందరికీ చెప్పేదానికి తాళం ఎందుకు? మీ కోసం కాదు, స్కానర్ కోసం. పాస్‌వర్డ్ ఉన్న జిప్ లోపలికి మామూలుగా మెయిల్ స్కానర్ గానీ బ్రౌజర్ గానీ యాంటీవైరస్ గానీ తొంగి చూడలేవు. మీ యాంటీవైరస్ ఊరుకుంది అంటే ఫైల్ మంచిదని కాదు, జిప్‌లో ఉన్నంతసేపు దానికి చూడటానికే వీలు కాలేదని. పక్కనున్న టెక్స్ట్ ఫైల్‌లో "యాంటీవైరస్ తప్పుగా పట్టుకుంటుంది, కాసేపు ఆపేయండి" అని ఉందేమో చూడండి. ఉంటే ఇక మిగతా పరీక్షలు అక్కర్లేదు, పారేయండి.

ఇప్పుడు ఆ వీడియో బొమ్మ, అంటే ఐకాన్. విండోస్ తనకు తెలిసిన ఫైల్ రకాల ఎక్స్‌టెన్షన్‌ని, అంటే పేరు చివరి తోకని, మామూలుగా దాచేస్తుంది. 2000 మే నెలలో ప్రపంచమంతా పాకిన ఐలవ్‌యూ వైరస్ వాడుకున్నది ఈ అలవాటునే. మెయిల్‌కి జతచేసిన ఫైల్ పేరు టీఎక్స్‌టీతో ముగిసినట్టు కనిపించేది, దాని వెనక వీబీఎస్ అని ఇంకో తోక ఉండేది. అది నడిచే స్క్రిప్ట్. ఇన్నేళ్లయినా ఆ దాపరికం అలాగే ఉంది. విండోస్ 11లో ఫైల్ ఎక్స్‌ప్లోరర్ తెరిచి వ్యూ, షో, ఫైల్ నేమ్ ఎక్స్‌టెన్షన్స్ వరసగా నొక్కితే తోకలు బయటపడతాయి. ఇవాళే పెట్టేయండి. ఈఎక్స్‌ఈ, ఎస్‌సీఆర్, కామ్, బ్యాట్, సీఎండీ, వీబీఎస్, జేఎస్, హెచ్‌టీఏ, ఎంఎస్‌ఐ అనే తోకలు కనిపిస్తే అది ప్రోగ్రామ్ గానీ స్క్రిప్ట్ గానీ, బొమ్మ ఏదైనా సరే. బొమ్మ అతికించడం ప్రోగ్రామ్ రాసేవాడికి ఒక్క నిమిషం పని.

ఆ సెట్టింగ్ పెట్టినా రెండు తప్పించుకుంటాయి. మొదటిది షార్ట్‌కట్ ఫైల్. దాని ఎల్‌ఎన్‌కే తోకని విండోస్ ఎప్పుడూ చూపించదు, సెట్టింగ్ మార్చినా సరే. అందుకే ఎక్స్‌ప్లోరర్‌లో డీటెయిల్స్ వ్యూ పెట్టి "టైప్" కాలమ్ చూడాలి. అక్కడ షార్ట్‌కట్ అని ఉంటే వీడియో కాదు. రైట్ క్లిక్ చేసి ప్రాపర్టీస్‌లో టార్గెట్ చదవొచ్చు గానీ, ముందు బోలెడు ఖాళీలు నింపి అసలు ఆదేశాన్ని కంటికి అందకుండా పక్కకు నెట్టేసే తెలివి వాళ్లకుంది. ఆదేశాలు నడిపే ప్రోగ్రామ్‌లైన పవర్‌షెల్ అనో సీఎండీ అనో కనబడితే ఇంకా చదవాల్సిన పని లేదు.

రెండోది ఇంకా కొంటెది. అన్ని భాషల అక్షరాలకూ కంప్యూటర్ వాడే యూనికోడ్ పట్టికలో యూ+202ఈ అనే కనబడని గుర్తు ఒకటుంది. కుడి నుంచి ఎడమకు రాసే భాషల కోసం పెట్టింది. పేరు మధ్యలో దాన్ని ఇరికిస్తే అక్కడి నుంచి అక్షరాలన్నీ తిరగబడి కనిపిస్తాయి. అసలు పేరు చివర జీ, పీ, జే, చుక్క, ఈ, ఎక్స్, ఈ అని ఉందనుకోండి. తిరగబడ్డాక మీ కంటికి ఈ, ఎక్స్, ఈ, చుక్క, జే, పీ, జీ అని కనబడుతుంది. హాయిగా ఫొటో అనుకుంటారు. విండోస్ మాత్రం అసలు వరసే చదివి ప్రోగ్రామ్‌గా నడిపిస్తుంది. ఈఎక్స్‌ఈ ఎటునుంచి చదివినా ఈఎక్స్‌ఈయే కావడం వీళ్లకు కలిసొచ్చింది. పేరు మధ్యలో కారణం లేకుండా ఆ మూడక్షరాలు కనబడితే అనుమానించండి. దీనికీ టైప్ కాలమే మందు, అక్కడ "అప్లికేషన్" అని బయటపడిపోతుంది.

తోకని కూడా నమ్మకుండా లోపలి సరుకు ఏమిటో చూడాలంటే ఫైల్ మొదటి బైట్లు చూడాలి. నోట్‌ప్యాడ్ తెరిచి ఫైల్, ఓపెన్ ద్వారా వెళ్లి "ఆల్ ఫైల్స్" ఎంచుకుని తెరవండి. డబుల్ క్లిక్ వద్దు, షార్ట్‌కట్ ఫైల్‌కి ఈ పద్ధతీ వద్దు. అంతా గజిబిజిగా ఉంటుంది, భయం లేదు, నోట్‌ప్యాడ్ చదువుతుందే తప్ప నడిపించదు. మొదటి రెండు అక్షరాలు ఎం, జెడ్ అయితే విండోస్ ప్రోగ్రామ్. ఆ ఫార్మాట్ రూపొందించిన మార్క్ జ్బికోవ్‌స్కీ పొడి అక్షరాలవి. పీ, కే అయితే జిప్, అది ఫిల్ కాట్జ్ పేరు. శాతం గుర్తు తర్వాత పీడీఎఫ్ అని ఉంటే పీడీఎఫ్. నిజమైన ఎంపీ4లో మామూలుగా మొదటి నాలుగు బైట్లు వదిలేస్తే ఆ వెంటనే ఎఫ్‌టీవైపీ అని ఉంటుంది. బైట్లను అంకెలుగా చూపించే హెక్స్ ఎడిటర్ ఉంటే ఇంకా కచ్చితం: పీఎన్‌జీ 89 50 4ఈతో, జేపీఈజీ ఎఫ్‌ఎఫ్ డీ8 ఎఫ్‌ఎఫ్‌తో మొదలవుతాయి. ఒక తిరకాసు ఉంది. వర్డ్ డాక్యుమెంట్ అయిన డీఓసీఎక్స్, ఆండ్రాయిడ్ యాప్ ఫైల్ అయిన ఏపీకే రెండూ లోపల జిప్‌లే, కాబట్టి పీకే కనబడగానే మామూలు జిప్ అని తేల్చేయకూడదు.

ఆ తర్వాత వైరస్‌టోటల్, అంటే ఒకే ఫైల్‌ని చాలా యాంటీవైరస్‌లతో పరీక్షించే సైట్. ఫైల్ అప్‌లోడ్ చేయకముందే హ్యాష్‌తో వెతకడం మేలు. సెవెన్-జిప్ వేసుకుని ఉంటే రైట్ క్లిక్ మెనూలోనే ఎస్‌హెచ్‌ఏ-256 తీసే వీలుంది. వచ్చిన 64 అక్షరాలు కాపీ చేసి వైరస్‌టోటల్ వెతుకు పెట్టెలో అతికించండి. ఎవరైనా ఇంతకుముందు ఇచ్చిన ఫైల్ అయితే పదుల కొద్దీ యాంటీవైరస్‌ల తీర్పు క్షణంలో వస్తుంది. జిప్‌ది కాకుండా లోపలి ఫైల్ హ్యాష్ తీయండి. పాస్‌వర్డ్ జిప్‌ని ఇస్తే మీ యాంటీవైరస్‌కి ఎదురైన గోడే వాటికీ ఎదురవుతుంది. అసలు రికార్డే లేకపోతే అది మంచిదని కాదు, ఇంకా ఎవరూ అక్కడ ఇవ్వలేదని. అన్నీ సున్నా చూపించినా కొత్త సరుకు కావచ్చు, రెండు రోజుల తర్వాత మళ్లీ చూడండి. అప్‌లోడ్ చేసే ఫైల్ 650 ఎంబీ దాటకూడదు. మీ సొంత కాగితాలు మాత్రం అందులో పెట్టకండి, అక్కడ పెట్టింది డబ్బు కట్టిన చందాదారులు దించుకోగలరు.

బ్రౌజర్‌లో దించిన ఫైల్‌కి విండోస్ "ఇది ఇంటర్నెట్ నుంచి వచ్చింది" అనే గుర్తు అంటిస్తుంది. తెరిచేటప్పుడు వచ్చే హెచ్చరికలు ఆ గుర్తు వల్లే. ప్రాపర్టీస్‌లో "అన్‌బ్లాక్" టిక్ పెట్టమని ఎవరైనా చెబితే ఆ గుర్తు చెరిపేయమంటున్నారన్నమాట. జిప్ విప్పే సాఫ్ట్‌వేర్ పాతదైతే లోపలి ఫైళ్లకు ఆ గుర్తు అందదు. సెవెన్-జిప్‌లో అలాంటి లోపాన్ని 24.09 వెర్షన్‌లో సరిచేశారు. విన్‌రార్‌ది ఇంకా ఘోరం. 6.23కి ముందున్న వెర్షన్లలో, ఆర్కైవ్ లోపల ఫొటో నొక్కితే అదే పేరుతో ఉన్న ఫోల్డర్‌లోని స్క్రిప్ట్ నడిచేది. 2023 ఆగస్టులో సరిచేసే లోపే మోసగాళ్లు దాన్ని నెలల తరబడి వాడుకున్నారు. ఈ రెండు సాఫ్ట్‌వేర్లూ వాటంతట అవి అప్‌డేట్ కావు, మీరే వెళ్లి కొత్తది వేసుకోవాలి. మీది ఏ వెర్షనో హెల్ప్, అబౌట్‌లో ఇప్పుడే చూసుకోండి.

అయినా చూడాలనే ఉబలాటం ఆగకపోతే విండోస్ శాండ్‌బాక్స్ ఉంది, అసలు విండోస్‌కి అంటకుండా ప్రోగ్రామ్ నడిపే విడి గది లాంటిది. ప్రో, ఎంటర్‌ప్రైజ్ ఎడిషన్లలో దొరుకుతుంది, హోమ్‌లో లేదు. మూసేయగానే లోపల జరిగిందంతా చెరిగిపోతుంది. మామూలుగా అందులో నెట్ కూడా ఉంటుంది, కాన్ఫిగ్ ఫైల్ రాసి నెట్‌వర్కింగ్ ఆపేశాకే లోపలికి ఫైల్ వేయండి. ఫోన్‌లో ఇలాంటి అవకాశం లేదు. వీడియో నొక్కితే "ప్లేయర్ ఇన్‌స్టాల్ చేయండి" అని వచ్చిందంటే అది ఏపీకే. ఆండ్రాయిడ్ టెలిగ్రామ్‌లో ఏపీకేని వీడియోలా చూపించే లోపం ఒకటి 2024లో బయటపడింది, 10.14.5 వెర్షన్‌తో మూశారు.

కోడ్ పేర్లన్నీ మోసమని నా ఉద్దేశం కాదు. 2012 జనవరిలో సికాడా 3301 పేరుతో ఎవరో అజ్ఞాతంగా నెట్‌లో ఒక పొడుపుకథ బొమ్మ పెట్టారు. దాన్ని టెక్స్ట్ ఎడిటర్‌లో తెరిస్తే చివర క్లాడియస్ సీజర్ పేరు, దాని పక్కన గజిబిజి అక్షరాలు కనిపించాయి. క్లాడియస్ నాలుగో రోమన్ చక్రవర్తి కాబట్టి ఒక్కో అక్షరాన్ని నాలుగు స్థానాలు వెనక్కి జరిపితే ఒక వెబ్ చిరునామా తేలింది. గమనించారా, ఆ మొదటి మెట్టు ఎక్కడానికి ఎవరూ ఏ ప్రోగ్రామూ నడపాల్సిన పని పడలేదు. చిక్కుముడి విప్పే సరదా మీకుంటే బైట్లతో, హ్యాష్‌లతో, టైమ్‌స్టాంప్‌లతో తీర్చుకోండి. "ఇది నడిపితేనే తెలుస్తుంది" అనే పొడుపుకథ జోలికి పోకండి.

ఇంకో కోడ్ పేర్ల రకం ఉంది, దాని గురించి రెండు ముక్కలే. పిల్లల మీద జరిగిన లైంగిక నేరాల వీడియోలు కూడా ఇలాంటి పేర్ల చాటున తిరుగుతాయి. చాలా దేశాల్లో అవి దించుకుని దగ్గర పెట్టుకోవడమే నేరం. అలాంటిదేమో అనే అనుమానం వస్తే ఆరా తీయడానికి కూడా దించకండి, ఎవరికీ పంపకండి. లింక్‌ని పోలీసుల సైబర్ విభాగానికి చెప్పి వదిలేయండి.

ఒకవేళ ఈ జవాబు చేరేలోపు నొక్కేశారనుకుందాం. ఏమీ తెరుచుకోలేదు కదా అని ఊరుకోవద్దు, తెరుచుకోకపోవడమే ఎక్కువసార్లు లక్షణం. ఇలాంటివి బ్రౌజర్‌లో సేవ్ చేసిన పాస్‌వర్డ్‌లతోపాటు కుకీలు, అంటే మీరు లాగిన్ అయి ఉన్నారని గుర్తుంచుకునే చిన్న ఫైళ్లు కూడా ఎత్తుకెళ్తాయి. కుకీ చేతికి దొరికితే ఓటీపీ లేకుండానే మీ ఖాతాలో కూర్చోవచ్చు. వెంటనే నెట్ తీసేయండి. వేరే ఫోన్ నుంచో కంప్యూటర్ నుంచో మొదట మెయిల్ పాస్‌వర్డ్ మార్చండి, ఎందుకంటే మిగతా ఖాతాలన్నింటి తాళంచెవులూ అక్కడికే వస్తాయి. ఆ తర్వాత బ్యాంకు, సోషల్ మీడియా. ప్రతిచోటా "అన్ని డివైస్‌ల నుంచి సైన్ అవుట్" కూడా నొక్కాలి, పాస్‌వర్డ్ మార్చినంత మాత్రాన పాత కుకీ ప్రతిచోటా చచ్చిపోదు. ఆ కంప్యూటర్‌లో విండోస్ సెక్యూరిటీలోని స్కాన్ ఆప్షన్స్‌కి వెళ్లి డిఫెండర్ ఆఫ్‌లైన్ స్కాన్ పెట్టండి, రీస్టార్ట్ అయి సుమారు పావుగంట తీసుకుంటుంది. నా మాట అడిగితే ముఖ్యమైన ఫైళ్లు పక్కన పెట్టుకుని విండోస్ మళ్లీ మొదటినుంచి వేయడమే నయం.

నొక్కలేదు కాబట్టి మీ పని చిన్నది. జిప్‌నీ విప్పిన ఫోల్డర్‌నీ ఎంచుకుని షిఫ్ట్, డిలీట్ కలిపి నొక్కండి, రీసైకిల్ బిన్‌కి పోకుండా నేరుగా పోతాయి. పంపినతనికి ఒక ఫోన్ చేయండి, ఆ లింక్ వచ్చిన ఖాతాకి మెసేజ్ పెట్టకండి. అతను దాన్ని ముందే నొక్కి ఉంటే ఆ లింక్ పంపింది అతను కాకపోవచ్చు, మీరు పంపే హెచ్చరిక చదివేదీ అతను కాకపోవచ్చు.